అండమాన్ గూఢచర్య కేసులు: భద్రత పేరిట సాగిన పాలన, అది మిగిల్చిన ప్రశ్నలు

1944 జనవరి 30న దక్షిణ అండమాన్‌లోని హోంఫ్రేగంజ్ వద్ద జపాన్ సైనికులు 44 మంది భారతీయులను అతి సమీపం నుంచి కాల్చి చంపారు. వారు బ్రిటిష్ ప్రభుత్వానికి గూఢచారులన్నది ఆరోపణ. మృతుల్లో అత్యధికులు ఇండియన్ ఇండిపెండెన్స్ లీగ్ సభ్యులు. భారత స్వాతంత్ర్యం కోసం జపాన్‌తో చేతులు కలిపిన సంస్థ అది. సరిగ్గా నెల రోజుల ముందు, 1943 డిసెంబరు 30న, పోర్ట్ బ్లెయిర్ జింఖానా మైదానంలో నేతాజీ సుభాష్ చంద్రబోస్ జాతీయ పతాకాన్ని ఎగురవేశారు. మిత్రులుగా భావించినవారినే శత్రువుల ఏజెంట్లుగా ముద్ర వేసి హతమార్చడం ఎలా సాధ్యమైంది? జాతీయ భద్రత, నిఘా, సమాచార నియంత్రణకు సంబంధించిన చట్టాలపై నేడు సాగుతున్న చర్చకు ఈ ప్రశ్న ఒక మంచి ప్రవేశద్వారం.

ఫెరార్గంజ్ ఎక్కడ ఉంది?

దక్షిణ అండమాన్ జిల్లాలో మూడు తాలూకాలు ఉన్నాయి: పోర్ట్ బ్లెయిర్, ఫెరార్గంజ్, లిటిల్ అండమాన్. పోర్ట్ బ్లెయిర్ పేరును 2024 సెప్టెంబరులో శ్రీ విజయపురంగా మార్చారు. ఉత్తరాదికి సాగే అండమాన్ ట్రంక్ రోడ్డు ఫెరార్గంజ్ తాలూకా గుండానే జిర్కటాంగ్‌కు చేరుతుంది. 1923 నుంచి 1931 వరకు ఈ ద్వీపాలకు చీఫ్ కమిషనర్‌గా పనిచేసిన కర్నల్ ఫెరార్ పేరిట ఈ ఊరు వెలసింది. శిక్షా స్థావరంగా ఉన్న ద్వీపాలను క్రమంగా వ్యవసాయ ఆవాసాలుగా మార్చే ప్రయత్నం ఆ కాలంలోనే ఊపందుకుంది. మలబారు తిరుగుబాటు ఖైదీలు స్థిరపడిన మలప్పురం, బర్మా వాసన గల మేమ్యో, రైట్‌మ్యో, ఆంగ్ల అధికారుల పేర్లు మోస్తున్న వింబర్లీగంజ్ వంటి పల్లెలు ఈ పరిసరాల్లో పక్కపక్కనే కనిపిస్తాయి.

ఇక్కడి జనజీవనంలో తెలుగువారి పాత్ర చిన్నది కాదు. 2011 జనగణన ప్రకారం కేంద్రపాలిత ప్రాంత జనాభాలో సుమారు 13 శాతం మందికి తెలుగు మాతృభాష. బెంగాలీ, తమిళం తరువాత మూడో స్థానం తెలుగుదే. కాబట్టి ఈ చరిత్ర తెలుగు శ్రోతలకు పరాయిది కాదు.

మెడలో చెక్కబిళ్ల: వలస పాలనలో సమాచారం

1857 తిరుగుబాటు అనంతరం, 1858 మార్చిలో బ్రిటిష్ పాలకులు అండమాన్‌లో శిక్షా స్థావరాన్ని నెలకొల్పారు. ప్రతి ఖైదీ మెడలో ఒక చెక్కబిళ్ల వేలాడేది. దానిపై అతని సంఖ్య, శిక్ష పడిన సెక్షన్, శిక్ష తేదీ, విడుదల తేదీ చెక్కి ఉండేవి. ప్రమాదకరమైనవాడిగా అధికారులు భావించిన వ్యక్తికి అదనపు గుర్తు ఉండేది. ఆ మనిషి గురించి రాజ్యానికి తెలిసినదంతా అతని ఒంటిమీదే ఉండేది. అయితే ఆ వివరాలను ప్రశ్నించే, సరిదిద్దించుకునే అవకాశం మాత్రం అతనికి లేదు.

ఇంతటి నిఘా కూడా సంపూర్ణ భద్రత ఇవ్వలేదు. 1872 ఫిబ్రవరి 8న వైస్రాయి లార్డ్ మేయో మౌంట్ హారియట్ శిఖరం చూసి దిగివస్తుండగా, హోప్‌టౌన్ రేవు వద్ద షేర్ అలీ ఆఫ్రిది అనే ఖైదీ ఆయనను పొడిచి చంపాడు. పదవిలో ఉండగా హత్యకు గురైన ఏకైక వైస్రాయి ఆయనే. హోప్‌టౌన్, మౌంట్ హారియట్ రెండూ పోర్ట్ బ్లెయిర్ రేవుకు ఆవలి ఒడ్డున, నేటి ఫెరార్గంజ్ వైపు ఉన్నాయి. ఆఫ్రిదిని అదే ఏడాది మార్చిలో వైపర్ ద్వీపంలో ఉరితీశారు.

తెలుగు నేల నుంచి కూడా ఖైదీలు ఈ ద్వీపాలకు చేరారు. అల్లూరి సీతారామరాజు నాయకత్వంలో 1922 నుంచి 1924 వరకు సాగిన మన్యం పోరాటంలో పాల్గొన్న గాం మల్లుదొర అండమాన్ శిక్ష అనుభవించారు. స్వాతంత్ర్యానంతరం జరిగిన తొలి సార్వత్రిక ఎన్నికల్లో ఆయనే లోక్‌సభకు ఎన్నికయ్యారు. ఒక ప్రభుత్వం ప్రమాదకారిగా ద్వీపానికి తరలించిన వ్యక్తిని మరో వ్యవస్థలో ప్రజలు తమ ప్రతినిధిగా ఎన్నుకున్నారు.

ఈ పాలన వెనుక చట్టాల వరుస ఒకటి ఉంది. 1885 నాటి టెలిగ్రాఫ్ చట్టం సందేశాలను అడ్డగించే అధికారాన్ని ప్రభుత్వానికి ఇచ్చింది. 1919 నాటి రౌలట్ చట్టం విచారణ లేని నిర్బంధానికి, అప్పీలు లేని రహస్య విచారణకు దారితీసింది. 1923 నాటి అధికార రహస్యాల చట్టం మరింత ముందుకు వెళ్లింది. గూఢచర్యం కేసులో నిందితుడు ఫలానా హానికర చర్య చేశాడని నిరూపించనక్కర లేదని, పరిస్థితులనుబట్టి, అతని ప్రవర్తననుబట్టి, తెలిసిన స్వభావాన్నిబట్టి ఉద్దేశాన్ని నిర్ధారించవచ్చని ఆ చట్టంలోని 3వ సెక్షన్ చెబుతుంది. 1933 నాటి వైర్‌లెస్ చట్టం లైసెన్సు లేకుండా రేడియో పరికరం దగ్గర ఉంచుకోవడాన్నే నేరం చేసింది. తపాలా కార్యాలయంలో రేడియో లైసెన్సు రుసుము కట్టిన రోజులు పెద్దవయసు శ్రోతలకు ఇంకా గుర్తుండే ఉంటాయి.

1942: రేడియో విడిభాగాలే నేరానికి రుజువు

1942 మార్చి 23న జపాన్ సేనలు అండమాన్‌లో దిగాయి. ఎదురుదాడి లేకుండానే ద్వీపాలు వారి వశమయ్యాయి. చీఫ్ కమిషనర్ వాటర్‌ఫాల్ బందీ అయ్యారు. ఆయన కార్యదర్శి మేజర్ బర్డ్ వద్ద రేడియో విడిభాగాలు దొరికాయన్న ఆరోపణపై గూఢచర్యం మోపి, బహిరంగంగా శిరచ్ఛేదం చేశారు.

తరువాతి రోజుల్లో ఈ పద్ధతే విస్తరించింది. జపాన్ నౌకలపై మిత్రరాజ్యాల దాడులు పెరిగినకొద్దీ, ద్వీపాల నుంచి ఎవరో సంకేతాలు పంపుతున్నారన్న అనుమానం ఆక్రమణదారుల్లో బలపడింది. పోలీసు, వైద్య శాఖల భారతీయ ఉద్యోగులు మొదట నిఘా నీడలో పడ్డారు. వందల మందిని సెల్యులార్ జైలులో నిర్బంధించారు. చిత్రహింసలు పెట్టి ఒప్పించిన మాటలు, ఆ ఒప్పుకోలులో దొర్లిన మరికొన్ని పేర్లు, ఆ పేర్ల ఆధారంగా మరికొన్ని అరెస్టులు: కేసు ఇలా తనను తానే పెంచుకుంటూ పోయింది.

అప్పట్లో గూఢచారులు నిజంగానే ఉన్నారు. అండమాన్‌లో పూర్వం పోలీసు అధికారిగా పనిచేసిన మేజర్ డెనిస్ మెకార్తీ నాయకత్వంలో ఒక చిన్న బృందం 1943 జనవరిలో డచ్చి జలాంతర్గామి నుంచి రహస్యంగా ద్వీపంలో దిగింది. అడవిలో వారాల తరబడి సంచరించి, సమాచారం సేకరించి, సురక్షితంగా తిరిగి వెళ్లింది. జపాన్ నిఘా యంత్రాంగం ఆ బృందాన్ని పట్టుకోలేకపోయింది. పట్టుబడి శిక్ష అనుభవించినవారు వైద్యులు, గుమాస్తాలు, ఉపాధ్యాయులు, పోలీసులు, వ్యాపారులు. చిత్రహింసతో రాబట్టిన సమాచారం నిజమైన శత్రువును చూపదని చెప్పడానికి ఇంతకన్నా స్పష్టమైన ఉదాహరణ అరుదు.

దివాన్ సింగ్, బోస్ పర్యటన, పోలీసు శాఖ

డాక్టర్ దివాన్ సింగ్ పంజాబ్‌కు చెందిన వైద్యుడు, కవి. 1927లో అండమాన్‌కు వచ్చి స్థిరపడ్డారు. ‘కాళేపాణి’ పేరు ఆయనకు స్థిరపడింది. ఆక్రమణ కాలంలో ఇండిపెండెన్స్ లీగ్ స్థానిక శాఖకు అధ్యక్షత వహించారు. 1943 అక్టోబరులో ఆయనను గూఢచర్య ఆరోపణపై అరెస్టు చేశారు. రెండున్నర నెలలకు పైగా సాగిన చిత్రహింసల అనంతరం 1944 జనవరి 14న సెల్యులార్ జైలులో మరణించారు.

బోస్ ద్వీపంలో ఉన్న డిసెంబరు చివరి రోజుల్లో దివాన్ సింగ్ అదే జైలులో ఉన్నారు. పర్యటన యావత్తూ జపాన్ అధికారుల కనుసన్నల్లో సాగింది. బందీల గోడు బోస్‌కు చేరలేదు. ద్వీపాలకు షహీద్, స్వరాజ్ అని ఆయన నామకరణం చేశారు. ఆజాద్ హింద్ ప్రభుత్వం తరఫున మేజర్ జనరల్ ఎ.డి. లోగనాథన్ పాలకుడిగా 1944 ఫిబ్రవరిలో వచ్చారు. ఆయన చేతికి వాస్తవంగా అందినది విద్యాశాఖ. పోలీసు శాఖను, దానితోపాటు గూఢచర్య కేసులను జపాన్ నౌకాదళం తన చేతిలోనే ఉంచుకుంది. పతాకం మారినా, పాలకుడి హోదా మారినా, అరెస్టు చేసే అధికారం ఎవరి వద్ద ఉందో వారే అసలు ప్రభుత్వమని ద్వీపవాసులకు అర్థమైంది.

ఇదే వ్యవధిలో హోంఫ్రేగంజ్ ఘటన జరిగింది. కాల్పులకు ముందు బహిరంగ విచారణ లేదు. నిందితులకు న్యాయవాది లేడు. సాక్ష్యం ఎవరి ముందూ పెట్టలేదు. ఫిర్యాదు చేసినవారు, దర్యాప్తు చేసినవారు, తీర్పు చెప్పినవారు, శిక్ష అమలు చేసినవారు ఒక్కరే.

యుద్ధం ముగింపు దశలో ఆహార కొరత తీవ్రమైంది. 1945 ఆగస్టులో వందల మందిని వ్యవసాయం చేయిస్తామని నమ్మించి పడవలెక్కించి, హావ్‌లాక్ ద్వీప సమీపాన సముద్రంలోకి నెట్టారు. బయటపడినవారు అతి కొద్దిమంది. అదే ఏడాది కార్ నికోబార్‌లో మిత్రరాజ్యాల విమానాలకు సంకేతాలు పంపారన్న ఆరోపణపై స్థానికులను సరైన విచారణ లేకుండా చంపారు. 1945 అక్టోబరులో పోర్ట్ బ్లెయిర్‌లోని జపాన్ సేనలు లాంఛనంగా లొంగిపోయాయి. కార్ నికోబార్ హత్యలపై 1946లో సింగపూర్‌లో బ్రిటిష్ సైనిక న్యాయస్థానం విచారణ జరిపి, అక్కడి సేనాధిపతి మేజర్ జనరల్ ఇత్సుకి తోషియోకు మరణశిక్ష విధించింది. భద్రత కోసమే చేశామన్న వాదన ఆ న్యాయస్థానంలో నిలవలేదు.

స్వదేశంలో చట్టం, ఆక్రమిత ద్వీపంలో ఆజ్ఞ

అండమాన్‌లో జరిగిన దానికి మూలాలు జపాన్ స్వదేశీ చట్టాల్లోనూ ఉన్నాయి. 1925 నాటి శాంతి పరిరక్షణ చట్టం ప్రభుత్వ వ్యవస్థను మార్చాలనే ఉద్దేశంతో సంఘం పెట్టడాన్నే నేరంగా ప్రకటించింది. 1928లో ఆ నేరానికి మరణశిక్షను చేర్చారు. ‘తొక్కో’ అనే ప్రత్యేక పోలీసు విభాగం భావాలపై నిఘా పెట్టింది. రెండు దశాబ్దాల్లో పదుల వేల మంది అరెస్టయ్యారు. 1941 నాటి దేశ రక్షణ భద్రతా చట్టం ప్రభుత్వ రహస్యాల పరిధిని విస్తరించింది. ఆ చట్టం కింద నిందితుడు ప్రభుత్వం నిర్దేశించిన జాబితాలోని న్యాయవాదులనే నియమించుకోవాలి. అప్పీలు అవకాశాలను కూడా కుదించారు. జర్మన్ పత్రికా విలేకరి ముసుగులో సోవియట్ యూనియన్ కోసం పనిచేసిన రిచర్డ్ జోర్గె, ఆయన సహచరుడు ఓజాకి హోత్సుమి 1944 నవంబరులో ఉరికంబం ఎక్కారు. ఆ కేసులో కనీసం న్యాయస్థానం ఉంది. అండమాన్‌లో అదీ లేదు. స్వదేశంలో చట్టం ఎంత సడలితే, ఆక్రమిత భూభాగంలో ఆజ్ఞ అంత నిరంకుశమవుతుందని ఈ వరుస చూపుతుంది.

నేటి నిరంకుశ వ్యవస్థల్లో డేటా చట్టాలు

రేడియో విడిభాగాల స్థానంలో ఇప్పుడు ఫోను సంభాషణలు, ఈమెయిళ్లు, ప్రయాణ వివరాలు, బ్యాంకు లావాదేవీలు వచ్చాయి. ఏకపార్టీ పాలన గల చైనాలో 2017 జాతీయ నిఘా చట్టంలోని 7వ అధికరణం సంస్థలు, పౌరులు నిఘా కార్యకలాపాలకు సహకరించాలని నిర్దేశిస్తుంది. 2021 సెప్టెంబరులో అక్కడ డేటా భద్రతా చట్టం అమల్లోకి వచ్చింది. 2023 జులై 1 నుంచి సవరించిన గూఢచర్య నిరోధక చట్టం రహస్యపత్రాలతో పాటు ‘జాతీయ భద్రత, ప్రయోజనాలకు సంబంధించిన’ ఇతర పత్రాలు, డేటా, వస్తువులను కూడా తన పరిధిలోకి తెచ్చింది. ఏ సమాచారం ఆ నిర్వచనంలోకి వస్తుందో ముందుగా తెలుసుకోవడం పరిశోధకులకు, వ్యాపారులకు కష్టమన్నది ప్రధాన విమర్శ. హాంకాంగ్‌లో 2020 జూన్ 30న అమల్లోకి వచ్చిన జాతీయ భద్రతా చట్టం కింద అలాంటి కేసులు వినే న్యాయమూర్తులను అక్కడి ప్రభుత్వాధినేతే నియమిస్తారు. బెయిలు సాధారణ నియమం కాదు, మినహాయింపు.

ఇటువంటి చట్టాల్లో మూడు లక్షణాలు తరచూ కలిసి కనిపిస్తాయి: నేర నిర్వచనం విశాలం, సాక్ష్యం రహస్యం, సమీక్షించే వ్యవస్థ ప్రభుత్వం చేతిలోనిది. అండమాన్‌లో 1942 నుంచి 1945 వరకు చట్టమే లేకుండా జరిగినది ఇదే.

భారతదేశంలో ఏ రక్షణలు ఉన్నాయి?

స్వతంత్ర భారతదేశం వలస చట్టాలను వారసత్వంగా పొందింది. అధికార రహస్యాల చట్టం నేటికీ అమల్లో ఉంది. 1975 జూన్ 25న ప్రకటించిన అత్యవసర పరిస్థితిలో విచారణ లేని నిర్బంధం, పత్రికలపై ముందస్తు తనిఖీ, ఆకాశవాణి వార్తలపై ప్రభుత్వ నియంత్రణ దేశం చవిచూసింది. నిర్బంధాన్ని న్యాయస్థానంలో ప్రశ్నించే హక్కు ఆ కాలంలో ఉండదని 1976 ఏప్రిల్ 28న సుప్రీంకోర్టు మెజారిటీ తీర్పు చెప్పింది. జస్టిస్ హెచ్.ఆర్. ఖన్నా ఒక్కరే విభేదించారు.

అనంతర దశాబ్దాల్లో న్యాయస్థానాలు హద్దులు గీశాయి. ఫోన్ల ట్యాపింగ్‌కు హోంశాఖ కార్యదర్శి స్థాయి ఉత్తర్వు, కాలపరిమితి, సమీక్షా కమిటీ తప్పనిసరని సుప్రీంకోర్టు 1996 డిసెంబరులో ఆదేశించింది. 2017 ఆగస్టు 24న పుట్టస్వామి కేసులో తొమ్మిది మంది న్యాయమూర్తుల ధర్మాసనం గోప్యతను ప్రాథమిక హక్కుగా ఏకగ్రీవంగా ప్రకటించింది. 1976 నాటి తీర్పును కూడా ఆ సందర్భంలోనే తోసిపుచ్చింది. గోప్యతలో జోక్యానికి చట్టం ఉండాలి, న్యాయమైన లక్ష్యం ఉండాలి, చర్య ఆ లక్ష్యానికి మించకూడదు అన్నది నాటి నుంచి కొలమానం. 2021 అక్టోబరులో పెగసస్ వ్యవహారంలో, 2023 ఏప్రిల్‌లో మలయాళ వార్తా ఛానల్ మీడియా వన్ కేసులో, జాతీయ భద్రత అన్న మాట ఒక్కటే న్యాయసమీక్షను ఆపలేదని సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. సీలు చేసిన కవరులో సమర్పించే సాక్ష్యాన్ని నిందపడిన పక్షానికి చూపకపోవడంపై రెండో కేసులో గట్టి అభ్యంతరం తెలిపింది.

చట్టసభ కూడా కొత్త చట్టాలు చేసింది. 2023 టెలికమ్యూనికేషన్ల చట్టం పాత టెలిగ్రాఫ్, వైర్‌లెస్ చట్టాల స్థానంలో వచ్చింది. అదే ఏడాది ఆగస్టులో డిజిటల్ వ్యక్తిగత డేటా రక్షణ చట్టానికి రాష్ట్రపతి ఆమోదం లభించింది. పౌరుల సమాచారాన్ని సేకరించే సంస్థలపై ఆ చట్టం బాధ్యతలు మోపింది. అదే సమయంలో దేశ భద్రత, శాంతిభద్రతల వంటి కారణాలపై ప్రభుత్వ సంస్థలను నోటిఫికేషన్ ద్వారా మినహాయించే అధికారాన్ని 17వ సెక్షన్ కేంద్రానికి ఇచ్చింది. భద్రతా అవసరాలకు ఈ వెసులుబాటు తప్పదన్నది ప్రభుత్వ వాదన. స్వతంత్ర పర్యవేక్షణ లేని మినహాయింపు పుట్టస్వామి కొలమానానికి నిలవదన్నది విమర్శకుల వాదన. మరో అంశం కూడా చర్చలో ఉంది: ఇంటెలిజెన్స్ బ్యూరో, రా సంస్థలు పార్లమెంటు చట్టం ద్వారా ఏర్పడినవి కావు. సమాచార హక్కు చట్టంలోని 24వ సెక్షన్ ఇటువంటి సంస్థలను మినహాయించినా, అవినీతి, మానవహక్కుల ఉల్లంఘన ఆరోపణలకు ఆ మినహాయింపు వర్తించదు.

ఏ చట్టాన్నైనా పరిశీలించేందుకు నాలుగు ప్రశ్నలు

అండమాన్ ద్వీపాల భద్రతా ప్రాధాన్యం నేడు మరింత పెరిగింది. దేశపు తొలి త్రివిధ దళాల ఉమ్మడి కమాండ్ 2001లో ఇక్కడే ఏర్పడింది. చెన్నై నుంచి సుమారు 2,300 కిలోమీటర్ల సముద్రగర్భ కేబుల్ 2020 ఆగస్టులో ప్రారంభమై, ద్వీపాలను దేశపు డేటా ప్రవాహంతో కలిపింది. రక్షణ అవసరాలు వాస్తవమైనవి, నిఘా అవసరం కూడా వాస్తవమే. అందువల్ల చట్టం ఉండాలా వద్దా అన్నదానికన్నా, అది ఎలా ఉండాలన్నదే పౌరుడు అడగవలసినది.

ఒకటి, నేరం ఏమిటో చట్టం స్పష్టంగా చెబుతోందా, లేక అధికారి అనుమానానికే వదిలేస్తోందా? రెండు, నింద పడిన వ్యక్తికి సాక్ష్యం చూసే, దానికి జవాబిచ్చే అవకాశం ఉందా? మూడు, నిఘా ఉత్తర్వును ఇచ్చినవారు కాక మరొకరు సమీక్షిస్తున్నారా? నాలుగు, తప్పు జరిగితే దానికి బాధ్యత వహించవలసిన వ్యక్తి, పరిహారం చెల్లించవలసిన వ్యవస్థ ఉన్నాయా?

1944లో ఈ నాలుగు ప్రశ్నలకూ అండమాన్‌లో జవాబు లేదు. నిజమైన గూఢచారులు అడవి దాటి వెళ్లిపోయారు. వైద్యుడు జైలులో మరణించాడు, 44 మంది హోంఫ్రేగంజ్ వద్ద నేలకొరిగారు. వారి స్మృతిచిహ్నం నేటికీ అక్కడ ఉంది. ఏటా జనవరి 30న, దేశమంతా గాంధీజీ వర్ధంతి జరుపుకునే రోజునే, ద్వీపవాసులు అక్కడ వారికి నివాళి అర్పిస్తారు.